హాల్లో ఎంతమందిని ఉంచొచ్చు? ఆక్యుపెన్సీ టైప్ దగ్గర్నుంచి బోర్డు మీద నంబర్ దాకా

"ఈ హాల్లో ఎంతమంది పడతారు?" అని అడగ్గానే చాలామంది కుర్చీలు లెక్కపెడతారు, ఇంకాస్త ఉషారైనవాళ్లు గోడవారగా నిలబడేవాళ్లని కూడా కలిపేసి ఓ రౌండ్ ఫిగర్ చెప్పేస్తారు. ఫైర్ కోడ్‌కి అది పట్టదు. మంట లేచాక ఎంతమంది బయటపడగలరు అన్నదే దాని గొడవంతా. గోడ మీద "గరిష్ఠంగా ఇంతమంది" అని కనిపించే నంబర్ వెనకాల ఓ వరస ఉంటది: ముందు ఆ చోటు దేనికి వాడుతున్నారో, అంటే ఆక్యుపెన్సీ టైప్ ఏదో తేలాలి, దాన్నిబట్టి మనిషికి ఎంత జాగా అనే లెక్క వస్తది, తర్వాత తలుపులూ మెట్లూ అంతమందిని మోయగలవా అని చూస్తారు, చివరికి వీటిల్లో ఏది తక్కువొస్తే దాని దగ్గర ఆగుతారు. ఈ వరసే ఎవరికి వాళ్లు వేసుకునేలా చెప్తాను. ఆఫీసు తీసుకుంటున్నా, కోచింగ్ సెంటర్ పెడుతున్నా, ఓ సాయంత్రం ప్రోగ్రాంకి హాలు మాట్లాడుతున్నా దారి ఇదే.

మొదలుపెట్టే ముందు, మీకు వర్తించే పుస్తకం ఏదో తేల్చుకోండి

ఇది చిన్న విషయంలా కనిపిస్తది గానీ ఇక్కడే ఎక్కువమంది దెబ్బతింటారు. అమెరికాలోనూ మరికొన్ని దేశాల్లోనూ ఇంటర్నేషనల్ బిల్డింగ్ కోడ్, అంటే ఐబీసీ వాడతారు, దాంతోపాటు ఎన్‌ఎఫ్‌పీఏ 101 అనే లైఫ్ సేఫ్టీ కోడ్ కూడా చాలాచోట్ల నడుస్తది, ఇండియాలో అయితే నేషనల్ బిల్డింగ్ కోడ్, అంటే ఎన్‌బీసీ 2016 నాలుగో భాగం. మూడూ ఒకే తరహా ఆలోచన మీద నడుస్తాయి కానీ అక్షరాలు మాత్రం అస్సలు కలవవు. ఐబీసీలో గ్రూప్ ఎ అంటే జనం గుమిగూడే చోటు, ఎన్‌బీసీలో గ్రూప్ ఎ అంటే నివాసం. ఐబీసీలో బి అంటే ఆఫీసులు, ఎన్‌బీసీలో బి అంటే స్కూళ్లు. ఐబీసీలో హెచ్ అంటే ప్రమాదకరమైన సరుకు ఉండే చోటు, ఎన్‌బీసీలో హెచ్ అంటే గోడౌన్, ప్రమాదకరమైన వాటికి అక్కడ జె ఉంది. నెట్‌లో దొరికిన టేబుల్‌ని ఏ పుస్తకంలోదో చూడకుండా కాపీ కొడితే ఏమవుద్దో ఊహించుకోండి, స్కూల్ లెక్కలు ఆఫీసుకి తగిలించేస్తారు.

నేను కింద లెక్కలన్నీ ఐబీసీ అంకెలతో చేస్తాను, ఎక్కడైనా వేరేది వాడితే దాని పేరు చెప్తాను. పద్ధతి నేర్చుకోవడానికి ఏ పుస్తకమైనా ఒకటే, అసలు పని చేసేటప్పుడు మాత్రం మీ ఊరి రూల్ తెరిచి ఆ అంకెలే పెట్టుకోండి. ఐబీసీలోనే ఎడిషన్ మారితే అంకె మారుద్ది, ఆఫీసుకి మనిషికి 100 చదరపు అడుగులు ఉండేది 2018 ఎడిషన్ నుంచి 150 అయింది.

టైప్ ఎలా తేల్చాలి

టైప్ అనేది బిల్డింగ్ ఆకారాన్నిబట్టో గేటు మీది పేరునిబట్టో రాదు, లోపల జరిగే పనినిబట్టి వస్తది. ఐబీసీలో పది పెద్ద గ్రూపులు: జనం చేరే చోట్లు, ఆఫీసులు, స్కూళ్లు, ఫ్యాక్టరీలు, హై హజార్డ్, ఆసుపత్రులూ జైళ్లలాంటి ఇన్‌స్టిట్యూషనల్, షాపులు, నివాసాలు, గోడౌన్లు, ఇంక వేటిలోనూ పట్టని షెడ్లూ గట్రా. ఈ లిస్ట్ బట్టీ పట్టే కంటే దీని వెనకున్న ఆలోచన పట్టుకుంటే సగం పని అయిపోద్ది, ఎందుకంటే ప్రతి గ్రూపూ నాలుగు ప్రశ్నలకి జవాబే. లోపలున్నవాళ్లు మెలకువగా ఉంటారా నిద్రలో ఉంటారా? బయటికి దారి వాళ్లకి అలవాటేనా? తమంతట తాము నడిచి రాగలరా? లోపల కాలే సరుకు ఎంత ఉంది, ఎంత తొందరగా కాలుద్ది?

ఆఫీసులో ఉండేవాళ్లు మెలకువగా ఉంటారు, రోజూ వచ్చే దారే, నడవగలరు, అందుకే కోడ్ ఆఫీసు మీద కాస్త మెతగ్గా ఉంటది. హోటల్ రూమూ అపార్ట్‌మెంటూ రెండూ నిద్రపోయే చోట్లే అయినా ఐబీసీ వాటిని ఆర్-1, ఆర్-2 అని విడగొట్టింది, కారణం ఏంటంటే అపార్ట్‌మెంట్‌లో ఉండేవాడికి చీకట్లో కూడా మెట్లు ఎటున్నాయో తెలుసు, హోటల్లో రాత్రి దిగినవాడికి తెలీదు. ఆసుపత్రిలో పేషెంట్ లేచి పరిగెత్తలేడు కాబట్టి అక్కడ అందర్నీ ఒకేసారి రోడ్డు మీదికి తెచ్చే ప్లానే వెయ్యరు, ఫ్లోర్‌ని పొగ దాటని గోడలతో భాగాలు చేసి మంచంతో సహా పక్క భాగంలోకి నెట్టేలా చూస్తారు, ఆ కారిడార్లు 8 అడుగుల వెడల్పు ఉండాలనేది కూడా మంచం తిరగడానికే. సినిమా హాలు, ఫంక్షన్ హాలు, క్లబ్ లాంటివాటిల్లో జనం మెలకువగానే ఉంటారు గానీ దారి తెలీదు, ఒత్తుకుని ఉంటారు, కొన్నిచోట్ల చీకటి, హోరుమని మ్యూజిక్, పైగా మందు. కోడ్ ఎక్కువ అనుమానంగా చూసేది ఈ గ్రూపునే, చరిత్ర చూస్తే ఆ అనుమానానికి అర్థం ఉంది.

హై హజార్డ్ మాత్రం మనుషుల లెక్కతో తేలదు, సరుకు లెక్కతో తేలుద్ది. ఒక కంట్రోల్ ఏరియాలో, అంటే మంట దాటని గోడలతో వేరు చేసిన భాగంలో, ఫలానా రసాయనం ఇంత వరకు ఉంచుకోవచ్చు అని ఓ హద్దు ఉంటది, అన్నిటికన్నా తేలిగ్గా అంటుకునే క్లాస్ ఐఏ మండే ద్రవాలైతే 30 గ్యాలన్లు, ఐబీ అయితే 120, స్ప్రింక్లర్లు, అంటే మంట లేస్తే పై నుంచి నీళ్లు చల్లేవి ఉంటే దానికి రెట్టింపు. హద్దు లోపల ఉన్నంతసేపు మీది మామూలు ఫ్యాక్టరీయో షాపో అవుద్ది, దాటితే హెచ్ గ్రూపులోకి వెళ్లిపోతారు, రూల్స్ మొత్తం మారిపోతాయి. గోడౌన్‌లో కూడా అంతే, కాలే సరుకైతే ఎస్-1, కాలనిదైతే ఎస్-2, ఇంకా 12 అడుగులు దాటి పైకి పేర్చితే దానికి విడిగా రూల్స్ మొదలవుతాయి.

ఒక చిక్కుముడి ఇక్కడే విప్పేద్దాం. 50 మంది కన్నా తక్కువ పట్టే మీటింగ్ రూమ్ ఆఫీసులో ఉంటే దాన్ని అసెంబ్లీ, అంటే జనం చేరే చోటు అనరు, ఆఫీసు గ్రూపులోనే ఉంచేస్తారు. అలాగే ట్యూషన్లు, కోచింగ్ అనగానే స్కూల్ గ్రూప్ అనుకోవద్దు, ఐబీసీలో ఇ గ్రూప్ 12వ క్లాసు దాకానే, అంతకు పైవాళ్ల చదువు బి గ్రూపులో పడుద్ది, పెద్ద లెక్చర్ హాలైతే అసెంబ్లీ అవుద్ది. వేరే దేశాల పుస్తకాల్లో ఈ గీత వేరేచోట ఉండొచ్చు కాబట్టి నిర్వచనం చదవకుండా ముందుకెళ్లొద్దు.

ఇప్పుడు టేపు తియ్యండి

టైప్ తేలాక లోడ్ ఫ్యాక్టర్ చూడాలి, అంటే ఒక మనిషికి ఇన్ని చదరపు అడుగులు అని. దీంట్లో నెట్, గ్రాస్ అని రెండు రకాలు, ఇవి కలిపేస్తే లెక్క మొత్తం గాలికే. గ్రాస్ అంటే బయటి గోడల లోపలున్నదంతా, కారిడార్లూ బాత్రూములూ మెట్లూ అల్మారాలూ కలిపి. నెట్ అంటే జనం నిజంగా ఉండే జాగా మాత్రమే. ఆఫీసులు, షాపులు, గోడౌన్లు, ఇళ్లు గ్రాస్ మీద, హాళ్లూ క్లాసురూములూ నెట్ మీద.

అంకెలు చూడండి: నిలబడే జనానికి 5 నెట్, విడి కుర్చీలు మాత్రమే వేస్తే 7 నెట్, బల్లలూ కుర్చీలూ వేస్తే 15 నెట్, క్లాసురూమ్ 20 నెట్, షాపు 60 గ్రాస్, ఫ్యాక్టరీ 100 గ్రాస్, ఆఫీసు 150 గ్రాస్, ఇళ్లు 200 గ్రాస్, కమర్షియల్ కిచెన్ కూడా 200 గ్రాస్, గోడౌన్ 500 గ్రాస్. నేలకి బిగించిన సీట్లయితే ఫ్యాక్టర్‌తో పనిలేదు, సీట్లు లెక్కపెట్టడమే, పొడుగు బెంచీలైతే 18 అంగుళాలకి ఒకరు.

50 అడుగులు ఇంటూ 30 అడుగులు, అంటే 1500 చదరపు అడుగుల ఖాళీ హాలు ఒకటి తీసుకుందాం. నిలబెడితే 300 మంది. కుర్చీలు వేస్తే 214. బల్లలు కూడా వేస్తే 100. క్లాసులు పెడితే 75. అదే జాగా ఆఫీసు చేస్తే 10 మంది. గోడ కదల్లేదు, తలుపు కదల్లేదు, 300 కాస్తా 10 అయింది. ఎవరైనా "మా హాలు కెపాసిటీ ఇంత" అని ఒకే నంబర్ చెప్తే దేనికి వాడినప్పుడు అని అడగండి, జవాబు లేకపోతే ఆ నంబర్‌ని నమ్మొద్దు.

ఒక హాలుని రకరకాలుగా వాడితే అన్నిటికన్నా ఎక్కువమంది వచ్చే వాడకానికే ఎగ్జిట్లు సరిపోవాలి. ఇంకో విషయం చాలామందికి తెలీదు, ఫ్యాక్టర్‌తో వచ్చిన నంబర్ కన్నా ఎక్కువమందికి కూడా పర్మిషన్ అడగొచ్చు, కాకపోతే ఎగ్జిట్లు, నడవా దారులు అన్నీ ఆ పెరిగిన నంబర్‌కి సరిపోవాలి, మనిషికి 7 చదరపు అడుగుల కన్నా తగ్గకూడదు, అధికారి కుర్చీల లేఅవుట్ ప్లాన్ అడుగుతాడు. తక్కువమందే వస్తారు మావాళ్లు అని నంబర్ తగ్గించుకోవడం మాత్రం అంత ఈజీగా ఒప్పుకోరు, కోడ్‌కి మీ వాళ్ల మీద నమ్మకం ఉండదు.

అసలు పరీక్ష తలుపుల దగ్గర

జాగా ఇచ్చిన నంబర్ ఒక ఆశ మాత్రమే. దాన్ని ఎగ్జిట్ల మీదికి తీసుకెళ్లి మూడు నాలుగు రకాలుగా పరీక్ష పెట్టాలి.

మొదటిది వెడల్పు. మెట్లకి మనిషికి 0.3 అంగుళం, తలుపులకీ కారిడార్లకీ 0.2 అంగుళం. స్ప్రింక్లర్లూ, మాటలతో హెచ్చరించే అలారం రెండూ ఉంటే ఇవి చాలా గ్రూపులకి 0.2, 0.15కి తగ్గుతాయి. ఎన్‌బీసీ 2016 ఇదే పనిని మిల్లీమీటర్లలో చేస్తది, చాలా రకాల బిల్డింగులకి మెట్లకైతే మనిషికి 10, చదునుగా నడిచే దారికి 6.5. మన హాలుకి రెండు తలుపులు, ఒక్కోటి తెరిస్తే 32 అంగుళాల దారి ఇస్తది అనుకోండి, 32ని 0.2తో భాగిస్తే 160, రెండూ కలిపి 320 మంది. బాగుంది. కానీ ఈ హాలు పై అంతస్తులో ఉండి, రెండు మెట్లదారులు ఒక్కోటి 44 అంగుళాలు ఉంటే? 44ని 0.3తో భాగిస్తే 146, రెండూ కలిపి 292. నిలబెట్టే లెక్కలో 300 వచ్చింది కదా, అది 292 దగ్గర ఆగిపోయింది. తలుపులు ఒప్పుకున్నా మెట్లు ఒప్పుకోలేదు, దారిలో ఏది ఇరుకో అదే గెలుస్తది.

తలుపు కొలిచేటప్పుడు తలుపు చెక్క వెడల్పు కొలవకండి. తలుపుని 90 డిగ్రీలు తెరిచి, తెరుచుకున్న చెక్క ముఖం నుంచి అవతలి ఫ్రేమ్ స్టాప్ దాకా ఉన్న ఖాళీ కొలవాలి. 36 అంగుళాల తలుపు అని కొన్నది 33, 34 కంటే ఎక్కువ ఇవ్వదు. ఆ ఖాళీ 32కి తగ్గితే అది అసలు ఎగ్జిట్ తలుపుగానే పనికిరాదు.

పై అంతస్తుల సంగతి కూడా అడుగుతుంటారు, అయిదు ఫ్లోర్లుంటే మెట్ల వెడల్పు అయిదు ఫ్లోర్ల జనానికీ కలిపి వెయ్యాలా అని. అక్కర్లేదు, ఒక్కో ఫ్లోర్‌కి విడిగా లెక్కేసి ఎక్కువ వచ్చినదానికి సరిపోతే చాలు, ఎందుకంటే అన్ని ఫ్లోర్ల వాళ్లూ ఒకే క్షణానికి ఒకే మెట్టు మీదికి రారు అని కోడ్ లెక్క. కాకపోతే కిందికి దిగేకొద్దీ మెట్లు ఇరుకవ్వకూడదు.

రెండోది ఎగ్జిట్ల సంఖ్య. ఒకే దారి ఉన్న గదిలో ఆఫీసు, షాపు, క్లాసు, హాలు ఏదైనా సరే 49 మంది వరకే, గోడౌన్ అయితే 29, హై హజార్డ్‌లో మరీ డేంజరస్ గ్రూపులకి 3. 49 దాటితే రెండు దారులు, 500 దాటితే మూడు, 1000 దాటితే నాలుగు. అంటే మన హాలుకి ఒకటే తలుపు ఉందంటే 214 కుర్చీలు పట్టే జాగా ఉన్నా, ఆ తలుపు ఎంత వెడల్పున్నా, 49 దగ్గరే ఆగాలి. "మా మెయిన్ డోర్ పది అడుగులు సార్" అని వాదించేవాళ్లుంటారు, మంట ఆ డోర్ దగ్గరే లేస్తే పది అడుగులున్నా ఇరవై ఉన్నా ఒకటే. 2013 జనవరి 27న బ్రెజిల్‌లో సాంటా మారియాలోని కిస్ నైట్‌క్లబ్‌లో 242 మంది చనిపోయారు, జనం కిక్కిరిసిన ఆ క్లబ్బుకి బయటపడే దారి ఒక్కటే.

రెండు దారులున్నా అవి పక్కపక్కన ఉంటే ఒకటి ఉన్నట్టే. అందుకే గది మూల నుంచి మూలకి కొలిచి అందులో సగం దూరమైనా రెండింటి మధ్య ఉండాలంటారు, బిల్డింగ్ అంతా స్ప్రింక్లర్లుంటే మూడో వంతు చాలు. మన 50 ఇంటూ 30 హాలుకి మూలకి మూల 58 అడుగులు, కాబట్టి తలుపుల మధ్య 29 అడుగులు ఉండాలి. పైగా ఒక దారి మూసుకుపోయినా మిగిలినవి కనీసం సగం మందిని మొయ్యాలి, కాబట్టి ఒకటి పెద్ద గేటు, రెండోది పిల్లి దూరే సందు పెడితే నడవదు.

హాళ్ల విషయంలో ఎన్‌ఎఫ్‌పీఏ 101 ఇంకో అడుగు ముందుకేసింది, మెయిన్ ఎంట్రన్స్ ఒక్కటే సగం మందిని మొయ్యాలి, నైట్‌క్లబ్బులూ డ్యాన్స్ హాళ్లూ అయితే మూడింట రెండొంతుల మందిని. ఎందుకంటే జనం కంగారులో కొత్త దారి వెతకరు, వచ్చిన దారినే పరిగెడతారు. 2003 ఫిబ్రవరి 20న అమెరికాలో రోడ్ ఐలాండ్‌లోని ది స్టేషన్ నైట్‌క్లబ్‌లో స్టేజీ మీద కాల్చిన బాణాసంచా గోడకున్న ఫోమ్‌కి అంటుకుంటే 100 మంది పోయారు, వేరే ఎగ్జిట్లు ఉన్నా ఎక్కువమంది ముందు తలుపు దగ్గరికే తోసుకొచ్చి అక్కడ ఒకరి మీద ఒకరు పడిపోయారు.

మూడోది దూరం. గదిలో మారుమూల నుంచి ఎగ్జిట్ దాకా నడవాల్సిన దూరానికి హద్దు ఉంది, అసెంబ్లీకి 200 అడుగులు, స్ప్రింక్లర్లుంటే 250, ఆఫీసుకి 200 నుంచి 300 అవుద్ది, పేలే సరుకుండే హెచ్-1కి మాత్రం 75 అడుగులే. గీత గీసినట్టు కొలవకూడదు, బల్లల్నీ ర్యాకుల్నీ తిరిగి నడిచే దారే కొలవాలి. చిన్న హాళ్లకి ఇది సమస్యే కాదు, పెద్ద గోడౌన్లకీ షోరూములకీ ఇదే పెద్ద తలనొప్పి.

నంబర్ తేలాక ఏమేం మారిపోతాయి

టైపూ నంబరూ కలిసి మిగతా ఫైర్ సామాన్లన్నిటినీ నిర్ణయిస్తాయి. ముఖ్యంగా 50 అనే అంకె దగ్గర చాలా జరుగుద్ది. 50కి చేరితే రెండో దారి కావాలి, తలుపు బయటికి తెరుచుకోవాలి, హాళ్లలోనూ స్కూళ్లలోనూ గడియ పెట్టే తలుపులకి తోస్తే తెరుచుకునే ప్యానిక్ బార్ ఉండాలి, స్కూల్ అయితే 50 దాటగానే ఫైర్ అలారం కూడా. కెపాసిటీ బోర్డు మాత్రం అసెంబ్లీగా వాడే ప్రతి గదిలో కనిపించేచోట ఉండాలి. తలుపు బయటికే ఎందుకంటే వెనక నుంచి జనం ఒత్తుతుంటే ముందున్నవాడు లోపలికి లాగలేడు. 1942 నవంబర్ 28న బోస్టన్‌లోని కోకోనట్ గ్రోవ్ క్లబ్‌లో 492 మంది చనిపోయింది ఇలాగే, మెయిన్ ఎంట్రన్స్‌లో తిరిగే తలుపు జనంతో ఇరుక్కుపోయింది, మిగతావి కొన్ని తాళాలేసి ఉన్నాయి, కొన్ని లోపలికి తెరుచుకునేవి. తిరిగే తలుపు పక్కన మామూలు తలుపు కూడా ఉండాల్సిందే అనే రూల్ ఆ తర్వాతిదే.

స్ప్రింక్లర్ల దగ్గర టైప్ పవర్ ఇంకా బాగా తెలుస్తది. లెక్చర్ హాలూ లైబ్రరీ లాంటి ఎ-3కి 300 మందో 12,000 చదరపు అడుగులో వచ్చినప్పుడు స్ప్రింక్లర్లు అడుగుతారు, అదే బార్లూ రెస్టారెంట్లూ ఉండే ఎ-2కి 100 మందికే, లేదా 5,000 చదరపు అడుగులకే. నిద్రపోయే చోట్లు, ఆసుపత్రులు, హై హజార్డ్ అయితే కొత్త బిల్డింగుల్లో సంఖ్యతో సంబంధం లేకుండా దాదాపు ఎప్పుడూ కావాలి. మేనేజ్‌మెంట్లు 99 దగ్గరా 299 దగ్గరా ఆగేలా ప్లాన్లు గీయించేది అందుకే, అది తప్పని అనను గానీ ఆ 99ని తర్వాత రోజూ నిలబెట్టుకోగలిగితేనే.

ఒకే బిల్డింగులో రెండు మూడు రకాలుంటే

కింద షాపులు, పైన ఆఫీసులు, ఆ పైన ఓ హాలు, ఇలాంటివే ఎక్కువ. మూడు దారులున్నాయి. చిన్న భాగం, అంటే ఆ ఫ్లోర్‌లో 10 శాతం లోపు ఉండి అసలు వాడకానికి తోడుగా ఉంటే దాన్ని అనుబంధంగా చూసి పెద్దదానితోనే నడిపిస్తారు, అయినా ఆ గదిలో ఎంతమంది అన్న లెక్క మాత్రం దాని సొంత ఫ్యాక్టర్‌తోనే. రెండోది, గోడలు కట్టకుండా కలిపేసి ఉంచడం, అప్పుడు అన్నిటికన్నా కఠినమైన రూల్ మొత్తానికీ పడుద్ది. మూడోది, మధ్యలో ఫైర్ రేటింగ్ ఉన్న గోడతో విడగొట్టడం, హాలుకీ ఆఫీసుకీ మధ్య స్ప్రింక్లర్లుంటే 1 గంట, లేకపోతే 2 గంటలు మంటని ఆపే గోడ. చాలామంది మూడోది ఎంచుకుని గోడ కట్టేస్తారు, ఆ తర్వాత ఏసీ వాడొచ్చి పైపుకి బొక్క కొడతాడు, నెట్ వాడొచ్చి కేబుల్‌కి ఇంకోటి కొడతాడు, ఎవరూ ఫైర్‌స్టాప్ మెటీరియల్‌తో పూడ్చరు, రెండు గంటల గోడ కాగితం మీద మాత్రమే రెండు గంటలు ఆపుద్ది. ఫాల్స్ సీలింగ్ పలక ఒకటి ఎత్తి టార్చి వేసి చూస్తే నిజం తెలిసిపోద్ది.

వాడకం మారిందంటే లెక్క మళ్లీ మొదటికే

నాకు అన్నిటికన్నా భయం వేసే విషయం ఇదే, ఎందుకంటే బయట నుంచి చూస్తే ఏమీ మారినట్టు కనిపించదు. గోడౌన్‌కి 500కి ఒకరు చొప్పున వేసి దారులు పెట్టుంటారు, అందులో పార్టీ పెట్టి 5కి ఒకరు చొప్పున జనాన్ని ఎక్కిస్తే అదే జాగాలో వంద రెట్లు. 2016 డిసెంబర్ 2న కాలిఫోర్నియాలోని ఓక్‌లాండ్‌లో ఘోస్ట్ షిప్ అని పిలిచే గోడౌన్‌లో మనుషులు కాపురం ఉంటూ, పై అంతస్తులో మ్యూజిక్ ప్రోగ్రాం పెట్టుకున్నారు, మంట లేచాక 36 మంది చనిపోయారు, స్ప్రింక్లర్లు లేవు. 2011 డిసెంబర్ 9న కోల్‌కతాలో ఓ ప్రైవేట్ ఆసుపత్రిలో పార్కింగ్‌కి అనుమతి ఉన్న బేస్‌మెంట్‌లో కాలే సామాన్లు పేర్చారు, తెల్లవారుజామున అక్కడ మొదలైన పొగ పైన వార్డుల్లోకి పాకి దాదాపు 90 మంది పోయారు, ఎక్కువమంది లేవలేని పేషెంట్లు. ఢిల్లీలో 1997 జూన్ 13న ఉపహార్ సినిమా హాల్లో 59 మంది చనిపోయినప్పుడు బాల్కనీలో అదనంగా వేసిన సీట్లు ఒకవైపు దారిని మూసేసి ఉన్నాయి, అక్కడ సినిమా హాలు సినిమా హాలుగానే ఉంది, టైప్ మారలేదు, నంబరూ దారీ మారాయి.

కాబట్టి అద్దెకి తీసుకునేముందు ఓనర్‌ని అడగాల్సింది ఆ ఫ్లోర్ ఏ ఆక్యుపెన్సీ కింద అనుమతి పొందింది అన్నది, కాగితం మీద చూపించమని. ఆఫీసుగా అనుమతి ఉన్న ఫ్లోర్‌లో మీరు 60 మంది స్టూడెంట్లని కూర్చోబెట్టాలనుకుంటే, లేదా జిమ్ పెట్టాలనుకుంటే, లేదా నాలుగు మంచాలేసి హాస్టల్ చేద్దామనుకుంటే, అది మారిన వాడకం కిందికి వస్తది, కొత్త టైప్‌కి తగ్గట్టు దారులూ అలారాలూ మళ్లీ చూపించాలి. పాత బిల్డింగ్‌కి ఇచ్చే మినహాయింపులు కూడా తక్కువ ప్రమాదం నుంచి ఎక్కువ ప్రమాదానికి మారినప్పుడు చాలావరకు పోతాయి. ఇంటీరియర్‌కి డబ్బు పెట్టాక ఈ ప్రశ్న అడిగి లాభం లేదు, అడ్వాన్స్ ఇచ్చే ముందే ఓ ఫైర్ కన్సల్టెంట్‌నో ఫైర్ డిపార్ట్‌మెంట్‌నో అడగండి.

ప్రోగ్రాం రోజు

కాగితం మీది నంబర్ గేటు దగ్గర నిలబడాలంటే ఎవరో ఒకరు లెక్కపెట్టాలి. టికెట్లు ఎన్ని అమ్మారో చూసి సరిపెట్టుకోవద్దు, స్టాఫ్, వంటవాళ్లు, సౌండ్ వాళ్లు, చంటిపిల్లలు అందరూ ఆ నంబర్‌లోకే వస్తారు. చేతిలో క్లిక్కర్ పెట్టి వచ్చేవాళ్లకి ఒకటి, పోయేవాళ్లకి ఒకటి, గేట్లు రెండుంటే రెండు చోట్లా, గంటకోసారి కూడిక. ఎన్‌ఎఫ్‌పీఏ 101 ప్రకారం జనం చేరే చోట ట్రైనింగ్ ఉన్న క్రౌడ్ మేనేజర్ ఒకరైనా ఉండాలి, 250 దాటితే ప్రతి 250 మందికీ ఒకరు. ఆ మనిషికి మ్యూజిక్ ఆపించే, లైట్లు వేయించే అధికారం కూడా ఇవ్వండి, లేకపోతే ఉత్తి బ్యాడ్జీనే.

విడి కుర్చీలు 200 దాటితే వాటిని కనీసం మూడేసి కలిపి బిగించాలి, లేకపోతే జనం లేవగానే కుర్చీలు పడి దారికి అడ్డమవుతాయి. రెండువైపులా నడవా ఉన్న వరసలో, వరసకీ వరసకీ మధ్య 12 అంగుళాల ఖాళీ మాత్రమే ఉంటే 14 కుర్చీలకి మించొద్దు, ఒకవైపే నడవా ఉంటే 7. ఆఖర్లో వచ్చిన పెద్దమనుషుల కోసం నడవాలో ఇంకో నాలుగు కుర్చీలు వెయ్యమని ఎవరో ఒకరు తప్పకుండా అంటారు, అక్కడ మొహమాటపడితే లెక్కంతా వృథా.

తలుపులు తెరిచే అరగంట ముందు ప్రతి ఎగ్జిట్ దగ్గరికీ నడిచి వెళ్లి చేత్తో తోసి చూడండి, గొలుసు తాళం ఉందేమో, దానికి అడ్డంగా స్పీకర్ పెట్టె పెట్టారేమో, కర్టెన్ కప్పేసిందేమో. తెరుచుకుంటే అక్కడితో ఆగకుండా రోడ్డు దాకా వెళ్లండి, చాలా వెనక తలుపులు ఓ ప్రహరీ లోపలికి తెరుచుకుంటాయి, ఆ ప్రహరీ గేటు తాళం వాచ్‌మన్ దగ్గర ఉంటది, వాచ్‌మన్ ఎక్కడుంటాడో ఎవరికీ తెలీదు. ఆ గేటు తెరవలేకపోతే ఆ దారిని లెక్కలోంచి తీసేసి మిగిలిన వాటితో నంబర్ మళ్లీ వేసుకోండి, మిగిలింది ఒక్కటే అయితే ఆ రోజుకి మీ హాలు కెపాసిటీ 49.